అద్దాల మేడల ముందు ఫొటో

ఫ్రాన్స్‌లో నలభై ఏళ్లుగా సినిమాలు తీస్తున్న ఒక పెద్దావిడకు నేను అసిస్టెంటుని. సఖీర్‌లోని యూనివర్సిటీలో ఆవిడ ప్రసంగం ఉంటే ఇద్దరం బహ్రెయిన్ వెళ్లాం. అక్కడున్నన్నాళ్లూ ఆవిడ ఫోను మోగగా నేను వినలేదు. మా డ్రైవర్ మల్లేశంది మాత్రం ఆగేది కాదు. అతనిది నిర్మల్ దగ్గర పల్లె.

ఒక సాయంత్రం సనాబిస్‌లో కారు ఆపి, మల్లేశం ఇంటికి వీడియో కాల్ చేశాడు. ఫోను తిప్పి తిప్పి ఎదురుగా ఉన్న అద్దాల మేడలే చూపించాడు. తానుండే గది ఎందుకు చూపించడో అడగమంది ఆవిడ.

"లేబర్ క్యాంపు రూం సూపిస్తే మా ఆమె ఏడుస్తది మేడం. ఈడ అందరం గంతే, మంచియే సూపిస్తం."

నేను ఫ్రెంచిలో చెప్పాను. ఆవిడ మొదటి సినిమా సొంత ఇంటి గురించే. తండ్రి తాగుడు, వంటింట్లో తల్లి ఏడుపు, ఏదీ దాచలేదు. ఆ ధైర్యానికే పేరొచ్చింది. మల్లేశానికి అదీ చెప్పాను.

"మరి ఆళ్లమ్మ సూసిందా ఆ సిన్మా?"

"చూసింది. మళ్లీ నాతో మాట్లాడలేదు," నేను ఫ్రెంచిలో అడిగితే అందావిడ. ఏ ఇంటర్వ్యూలోనూ చెప్పని మాట అది.

తర్వాత ఆవిడ కారు దిగి, జుట్టు సర్దుకుని, ఆ మేడల ముందు నవ్వుతూ నిలబడింది. తన ఫోను మల్లేశానికిచ్చింది. అతను నాలుగడుగులు వెనక్కి వెళ్లి, మేడ మొత్తం వచ్చేలా ఫొటో తీశాడు.

"మంచిగొచ్చింది మేడం. ఎవలకు పంపాల్నో అడుగుండ్రి."

ఆ ఒక్క మాట నేను ఆవిడకు చెప్పలేదు.