పిలిచినా పలకొద్దు

అణుబాంబు పడిపోతుందని టీవీలన్నీ గొంతు చించుకుంటున్న ఆ మే నెలలో, ఒళ్ళు మండి నేనో పది నిమిషాల సినిమా తీశాను. జనం భయాన్ని వెక్కిరించడమే నా ఉద్దేశం. ముఖానికి గుడ్డ కట్టి, నల్ల కళ్ళద్దాలు పెట్టి, గొంతు మార్చి, ఆఫీసరు వేషం నేనే వేశాను.

"ప్రజలకు మనవి. సైరన్ మోగగానే మామిడికాయలు మాగబెట్టే గదిలో దూరి, గడియ పెట్టి, గడ్డి కప్పుకొనవలెను. ఎవరు పిలిచినా పలకరాదు. శత్రువు మీ ఇంటివాళ్ళ గొంతుతోనే పిలుచును."

మామిడితోటల మధ్య బతికే మా చాట్రాయి వైపు వాళ్ళకి ఇది పెద్ద జోకు. వేడి బయటికి పోకుండా సందుసందుకీ గోనెపట్టాలు కుక్కే ఆ గదిలో మనిషికి ఐదు నిమిషాలకే ఊపిరాడదు. చూసినవాళ్ళంతా పడీపడీ నవ్వారు. ఆ ముసుగులో నన్ను గుర్తుపట్టని అమ్మ నవ్వలేదు. "నిజంగా ఇలా చెప్పారా?" అని అడిగింది. "గవర్నమెంటు ఆర్డరమ్మా," అన్నాను, ఆటపట్టిద్దామని. తర్వాత అసలు సంగతి చెప్పడం మర్చిపోయాను. అమ్మకి ఆయాసం ఉందని కూడా మర్చిపోయాను.

వారం తిరక్కుండా, పట్టపగలు, రిహార్సల్ సైరన్ మోగింది. నేను హనుమాన్ జంక్షన్ నుంచి వచ్చేసరికి స్టవ్వు మీద పప్పు మాడిపోతోంది. అమ్మ లేదు. మా మామిడితోటంతా అరుచుకుంటూ తిరిగాను.

"సైరన్ మోగగానే అమ్మగారు షెడ్డు వైపు పరిగెత్తారండీ, అరగంటైంది," అంది కాయలు ఏరుతున్నావిడ.

షెడ్డులో మాగబెట్టే గదికి లోపల గడియ. "అమ్మా! నేనే! తలుపు తియ్యి!" పలుకు లేదు. భుజంతో గుద్దాను. టేకు తలుపు కదల్లేదు. సందుకి చెవి ఆనిస్తే ఆయాసపు పిల్లికూతలు వినిపించాయి. బతికే ఉంది, వింటోంది, పలకడం లేదు. పలకొద్దని నేర్పిందే నేను. ఏడ్చాను, తిట్టాను, ఒట్లు పెట్టాను. ఏం చెప్పినా అది శత్రువు మాటే. లోపల పిల్లికూతలు సన్నబడుతున్నాయి.

చివరికి ఏడుపు దిగమింగి, సినిమాలో ఆఫీసరులా గొంతు బరువు చేసి అన్నాను: "ప్రజలకు మనవి. ప్రమాదము తొలగినది. తలుపులు తెరువవలెను."

గడియ కదిలింది. నల్లబడ్డ పెదాలతో, జుట్టు నిండా గడ్డితో నా మీద వాలిపోయింది.

ఇన్‌హేలర్ రెండుసార్లు పీల్చాక మాట పెగిలింది. "నువ్వు అట్టా ఏడుస్తా పిలుస్తుంటే ప్రాణం లాగేసిందిరా. ఆ ఆఫీసరుగారు ఇంకాస్త ఆలస్యంగా చెప్పుంటే ఏమైపోయేదాన్నో. ఆయన్ని కన్నతల్లి కడుపు చల్లగా ఉండాలి."