చిలుకల అంచు చీర

గద్వాల్ మగ్గం మీద చెప్పి నేయించుకున్న చీర అది. అంచుల ఎదురెదురుగ చిలుకలు. అసొంటి అంచు మా దిక్కు ఇంకొకరికి లేదు. మనుమరాలి పూలుపండ్లనాడు, పెండ్లి ఖాయం చేసుకున్ననాడు, అదే కట్టిన. అమరచింత నుంచి వచ్చిన పిల్లగాని తల్లి అంచు వేళ్లతోని తడిమి, "ఎంత బాగుందత్తా!" అన్నది.

మనుమరాలు హైదరాబాదుల చిన్న సిన్మాలు తీసేటోళ్ల దగ్గర వేషాలేసేటోళ్ల బట్టలు చూసే పని చేస్తుండె. అప్పుడు తీస్తున్న సిన్మాల కిరాయి అర్రల ఉండే మొగుడు పెండ్లాలు కొట్లాడుడు, కలుసుడు, మళ్ల కొట్లాడుడు, గంతే కథ. బట్టలు కొనే తాకత్ లేక ఎవరింట్లవి వాళ్లు తెచ్చుకుంటున్నరట. "అవ్వా, నీ చీర ఇయ్యవా?" అన్నది. ఇంట్ల ఉండంగ కొనుడెందుకని ఇచ్చిన. సబ్బు పెట్టొద్దని గట్టిగ చెప్పిన.

ఆ సిన్మా సీడీ అమరచింతకు గూడ చేరింది. ఒకనాడు పొద్దున పిల్లగాని తల్లి సీడీ పట్టుకొని వచ్చి మా టీవీలనే పెట్టింది. నా చీర కట్టిన ఆడమనిషి మంచం మీద మనకు వీపు పెట్టి కూసున్నది. మొగోడొచ్చి ఆమె భుజం మీద తల ఆనిచ్చిండు. ఆమె మొఖం ఒక్కపారి గూడ కనపడదు.

"చీర నీదే గదా అత్తా?"

"నాదే."

"కట్టినామె ఎవరు?"

"సిన్మా పిల్ల."

"సిన్మా పిల్లకు నీ చీర ఎందుకొస్తది?"

"వాళ్లకాడ కొనే పైసలు లేక."

ఆమె నవ్వింది. "చీర కొనలేనోళ్లు సిన్మా తీస్తరా అత్తా? నేనేమన్న చిన్నపిల్లనా?"

"మా పిల్లకు చీర కట్టుడు నేర్పింది నేనే. కొంగు గట్ల వేయదు" అన్న.

"గట్లనే కట్టమన్నరేమో."

నిజం చెప్పినకొద్ది అబద్ధం లెక్క వినొస్తుంది.

సెలవుకు ఇంటికొచ్చి ఉన్న మనుమరాలు లోపలినుంచి వచ్చింది. "నేను కాదు. అయినా నేనైతే ఏంది? అది పని" అన్నది.

ఆ రెండో మాట అనకుంటే బాగుండు. పిల్లగాని తల్లి చాయ్ ముట్టకుండనే లేచింది. "అత్తా, పూలుపండ్లనాడు మీరు పెట్టినవి వాపస్ పంపిస్త" అని వెళ్లిపోయింది.

మనుమరాలు నా దిక్కు తిరిగింది. "అవ్వా, నువ్వన్న నమ్ముతున్నవా?"

"నమ్ముతున్న" అన్న. కాని ఆ మాట నా నోట్లకెల్లి జర ఆలస్యంగ వచ్చింది. పిల్ల ఆ ఆలస్యాన్నే పట్టుకున్నది. సంచి సదురుకొని బస్టాండుకు పోయింది.