తెర పైఅంచున

మీసం మొలవగానే బాలనటుడికి వేషాలు ఆగిపోయాయి. వాడేం కుంగిపోలేదు, నటుల తలలపైన మైకు కర్ర పట్టే పనిలో చేరాడు. తల్లి ప్రతి సినిమాకీ వెళ్ళి, తెర పైఅంచున ఆ మైకు కోసం కళ్ళల్లో వత్తులేసుకుని వెతికేది.

"అది కనపడితే నా ఉద్యోగం ఊడుతుందే అమ్మా!" అని వాడు తల పట్టుకునేవాడు.

మైకులో నటుల మాటలు విని విని వాడి చెవి పదునెక్కింది. చివరికి పాటలకు బాణీలు కట్టడం మొదలుపెట్టాడు. అలా సంగీతం చేసిన తొలి సినిమాకి వెళ్ళినా, తల్లి అలవాటుగా తెర పైఅంచునే చూస్తూ కూర్చుంది. ఇంతలో పాట వచ్చింది. పక్క సీటావిడ కళ్ళు తుడుచుకుంది.

తల్లి ఆవిణ్ణి మోచేత్తో పొడిచింది. "చిన్నప్పుడు మావాడు తెరమీద ఏడిస్తే హాలంతా ఏడ్చేదండీ. ఇప్పుడు కనపడకుండానే ఏడిపిస్తున్నాడు వెధవ!"