టికెట్ వెనక రాసిన చిల్లర

తరిగొప్పులలో బస్సెక్కి నా పక్కన కూర్చున్న ఆమెకు యాభై ఏళ్లుంటాయి. ఒళ్లో ఒక ఫైలు. ఆడవాళ్లకు ప్రయాణం ఉచితమే, నా చేతిలో అప్పటికే జీరో టికెట్ ఉంది. ఆమె మాత్రం ఆధార్ కార్డు తీయకుండా కండక్టరుకు యాభై రూపాయల నోటు ఇచ్చింది.

"పైసలెందుకక్కా?" అన్నాడతను.

"సర్కారు మీద హైకోర్టుల కేసేసిన. ఫ్రీ బస్సుల తిరుక్కుంట కేసేందని ఆఫీసుల ఒకడు నవ్విండు. గా మాట ఇంకోసారి ఎవ్వలనొద్దు."

చిల్లర లేక, ఇవ్వాల్సిన పద్నాలుగు రూపాయలు టికెట్ వెనక రాసిచ్చాడు.

ఆమె మాజీ సర్పంచ్ అని మాటల్లో తెలిసింది. పుస్తెలతాడు కుదువపెట్టి ఊళ్లో మురుగునీటి మోరీలు కట్టించింది. ఇంజనీరు కొలిచి బిల్లు రాసి మూడేళ్లయినా డబ్బు రాలేదు.

నేను రిటైరైన టీచర్ని. నాకూ ప్రభుత్వం నుంచి రావాల్సింది ఉంది. కోర్టుకెళ్తే పైవాళ్లకు కోపం వస్తుందేమోనని ఏడాదిగా నోరు మూసుకున్నాను. ఆ మాటే ఆమెతో అన్నాను.

"కోపం మనకు రావాలె గదా టీచరమ్మా, వాళ్లకెందుకొస్తది?"

జనగామలో దిగేవాళ్లు వెనక నుంచి తోస్తున్నా, ఆమె మెట్టు మీద ఆగి టికెట్ చాపింది.

"పద్నాలుగు రూపాయలకు గింత లొల్లేందక్కా?" కండక్టరు విసుక్కున్నాడు.

"రాసిచ్చినంక ఇయ్యాలె, తమ్మీ."

ఇచ్చాడు. లెక్కపెట్టుకొని దిగింది.

ఇంటికొచ్చి నా రిటైర్మెంట్ కాగితాలు తీశాను. ఎంత రావాలో వాటి మీదా రాసే ఉంది. మర్నాడు వకీలు దగ్గరికి పట్టుకెళ్లాను. కేసు కాగితం మీద సంతకం ఎక్కడ పెట్టాలో ఆయన చూపించేలోపే పెట్టేశాను.