మగహంస వంతు

మొన్న ఆదివారం మా మేడమ్ పిల్లల్ని పార్కులో చెరువు దగ్గరికి తీసుకెళ్లాను. ఎర్రముక్కు నల్లహంస ఒకటి గడ్డిగూటి మీద కూర్చుని ఉంది. ఇంకోటి ఈదుకుంటూ వచ్చి మెడ చాచగానే, కూర్చున్నది లేచి దానికి చోటిచ్చి మేతకి పోయింది. పిల్లలు చప్పట్లు కొట్టారు. నాకు మాత్రం ఒళ్లు మండింది. ఈ ఒక్క ముచ్చట మా అన్నయ్యకి ఎవరైనా ముందే చూపించి ఉంటే వాళ్ల సొమ్మేం పోయేది?

అన్నయ్యంటే మా పెదనాన్న కొడుకు. గోదావరి చేలమ్మట బాతుల మందలు తోలుతూ పెరిగినవాడు. కరోనా వచ్చిన ఏడాది ఉమ్ అల్ క్వైన్‌లో ఒక అరబ్బు తోటలో పక్షుల్ని చూసుకునేవాడు. దుబాయ్ సత్వాలో వంటపని చేసుకునే నాకు రోజూ ఫోన్ చేసి పక్షుల కబుర్లే చెప్పేవాడు. పెళ్లాం కబుర్లు అడిగితే సిగ్గు. ఊళ్లో వదినకి నెలలు నిండుతున్నాయి. విమానాలు ఆగిపోకముందు అన్నయ్య సెలవుకెళ్లొస్తే, పెళ్లయిన ఎన్నేళ్లకో నిలిచిన కడుపు. కాన్పుకి పక్కనుంటానని ఆవిడకి మాటిచ్చాడు. ముదీర్ని, అంటే తోట మేనేజర్ని, సెలవడిగితే, అతను వీసా ఇచ్చిన కఫీల్ అరబ్బు ముచ్చటపడి తెప్పించిన నల్లహంసల జంటని చూపించి, "పెహలే బచ్చే, ఫిర్ ఛుట్టీ" అన్నాడట. అంటే వాటి గుడ్లు పిల్లలైతేనే సెలవు. "బాతుల్లో పుట్టి పెరిగినోణ్ణి, నాకా చెప్పేది!" అని అన్నయ్య నవ్వాడు.

చలి మొదలయ్యాక ఆడహంస గుడ్లు పెట్టింది. మగది మాటిమాటికీ గూటి దగ్గరికొచ్చి మెడ చాచడం, ఆడది లేచిపోవడం చూసి అన్నయ్యకి చిర్రెత్తుకొచ్చింది. మన బాతులకీ కోళ్లకీ పొదగడమంటే పెట్ట పనే కదా! "తరిమేత్తన్నాడే సన్నాసెదవ! పొదిగేకాడ మగాడికేం పని?" అని దాన్ని పట్టుకెళ్లి వల అవతల పడేశాడు. అది రెక్కతో కొడితే మోచెయ్యి వాచిందట, అదో గొప్ప. ఈ ఘనకార్యం నాకే కాదు, వదినకీ ఫోన్‌లో చెప్పుకున్నాడు.

మగది వల దగ్గర నిలబడి బూర ఊదినట్టు ఒకటే అరుపు. ఆడది కొన్నాళ్లు తిండి మానేసి కూర్చుంది. ఆకలికి ఓర్చుకోలేక లేచి, వల దగ్గరికి పోయి మగదాని ఎదురుగా ఉండిపోయింది. గుడ్లు పగటి ఎండకి కాగి, రాత్రి మంచుకి తడిసి మురిగిపోయాయి. పశువుల డాక్టరొచ్చి, వీటిలో మగదీ వంతులేసుకుని పొదుగుతుంది, అది తరమడం కాదు, "నువ్వెళ్లి తినిరా, నేను కూర్చుంటా" అనడం, అని చెప్పాడట. ముదీర్ సెలవు మాట "ఖలాస్" అని తేల్చేశాడు.

ఊళ్లో కరోనా భయానికి బండి పెట్టేవాడు దొరక్క, వదినని ఆస్పత్రికి చేర్చడం ఆలస్యమైంది. బిడ్డ దక్కలేదు. అన్నయ్య ఫోన్‌లో ఏడుస్తూ, "రాలేకపోయానే" అంటే వదిన ఒక్కటే మాట అందట: "పొదిగేకాడ మగాడికేం పనన్నావుగా."

ఆ తరవాతి చలికాలం ఆ తోటలో హంసలు మళ్లీ గూడు కట్టాయి, రెండూ వంతులేసుకుని పొదిగి పిల్లల్ని చేశాయి. వాటికి ఏటా ఒక చలికాలం వస్తూనే ఉంది. మా అన్నయ్య వంతు మాత్రం ఆ ఒక్కసారే వచ్చి పోయింది.