ఆ కాగితం మా ఇంటికి అందింది

మా పెద్దాడు పోయి నేటికి ఇరవై మూడు రోజులు. కామెర్లు ముదిరి రాయచూరు ఆసుపత్రిలో కన్నుమూశాడు. నేను అయిదో తరగతి దాకానే చదివాను, రాయడం అలవాటు లేదు. అయినా వాడి గురించి నేనే చెప్పాలనిపించి కూర్చున్నాను.

మాది బాళగనూరు దగ్గర ఒక క్యాంపు. తాతల నాడు కోస్తా నుంచి వచ్చి వరి వేసుకుంటున్నాం. కాలువ గట్టు కింద నుంచి దొంగ పైపు వేసుకోవడం మా వాళ్లకి తప్పనిపించదు. మా ఆయన ఉండగా మేమూ వేశాం. దిగువ ఊళ్ల వాళ్లు నీళ్లందక కోర్టుకెళ్లి, పైపులు తీసెయ్యాలని ఆర్డరు తెచ్చుకున్నారు.

కోర్టు అమీను ఆ కాగితం తెచ్చిన రోజు మా పెద్దాడు ఇంట్లో లేడు. కాగితం పుచ్చుకోకపోతే ఆర్డరు మనకి తగలదని మా క్యాంపులో అందరి నమ్మకం. నేను తలుపేసుకున్నాను. అమీను రాయచూరు మనిషి. "తలుపు మూసుకుంటె ఆర్డరు వాపసు పోతదా అమ్మా?" అని తలుపుకే అంటించి పోయాడు. తడిగుడ్డతో నానబెట్టి, అట్లకాడతో గీకి, పొయ్యిలో వేశాను.

సాయంత్రం వాడు తలుపు మీద జిగురు మరక చూశాడు. వాడికి కోపమొస్తే గొంతు తగ్గేది.

"ఏం రాసుందమ్మా అందులో?"

"కన్నడం నాకు చదవడం వచ్చా ఏంట్రా?"

"చదవడం రాని కాగితాన్ని పొయ్యిలో ఎందుకేశావు మరి?"

మర్నాడు సింధనూరు కోర్టుకి వెళ్లి ఆర్డరు నకలు తెచ్చుకున్నాడు. రెండుసార్లు చదివి, పార పట్టుకుని గట్టు మీదికి బయల్దేరాడు. అప్పటికి మా పైరు పొట్ట మీద ఉంది, నీళ్లు తప్పితే గింజ పట్టదు. కోత అయ్యాక తీద్దువులే, అడిగేవాడెవడని బతిమాలాను. "వాళ్ల పైరూ పొట్ట మీదే ఉందమ్మా" అన్నాడు. పైపు పీకి గట్టు పూడ్చేశాడు. మా రెండెకరాలూ తాలైపోయాయి. నాలుగు రోజులు వాడికి అన్నం పెట్టాను గానీ మాట కలపలేదు. వాడు మాత్రం ఎప్పట్లాగే కంచం కడిగి బోర్లించి, పచ్చడి బాగుందని చెప్పి మరీ వెళ్లేవాడు.

మిగతా వాళ్లు తియ్యలేదు. కోర్టు ధిక్కారం కేసు పడి మాతో సహా అందరికీ పిలుపొచ్చింది. కాగితం అందనే లేదని చెప్పమని మా వకీలు దారి చూపించాడు. ఒక్కొక్కరే అలాగే చెప్పారు. వాడి వంతు వచ్చింది. నిజం చెబితే గీకింది నేనని బయటపడుతుంది.

"కాగితం మా ఇంటికి అందిందండి. ఇంటికి పెద్దని నేను, దాన్ని కాల్చిన తప్పు నాదే. తెలిసిన మర్నాడే పైపు తీసేశాను."

జడ్జిగారు అమీను వైపు తిరిగారు. అమీను లేచి, ఎవరెవరి తలుపుకి అంటించాడో చదివాడు. అందరూ చేతులు కట్టుకుని క్షమాపణ చెప్పి, వారంలో పైపులు తీశారు. మావాడిని ఆ రోజే ఏ శిక్షా లేకుండా ఇంటికి పంపించేశారు. బయటికొచ్చి నేను ఏడుస్తుంటే వాడన్నాడు: "కోర్టు మాట మనకి నచ్చకపోవచ్చమ్మా. విన్నాక మాత్రం వినలేదనకూడదు."

పెద్దకర్మ రోజు దిగువ ఊరి నుంచి ఒక ముసలామె వచ్చి నా పక్కన కూర్చుంది. "నీ కొడుకును నేను చూడలే అక్కా. ఆయన పైపు తీసినంకనే మా మడిల నీళ్లు పారినయి. ఒకసారి వచ్చి చూసిపో" అంది.

నిన్న వెళ్లాను. ఇన్నేళ్లలో కాలువ చివర ఎలా ఉంటుందో నేను చూడలేదు. అక్కడది మూరెడు వెడల్పు కూడా లేదు. ఆమె పారతో గట్టు మట్టి కాస్త తీసి నీళ్లు మడిలోకి వదిలింది. నేను చెప్పులు విడిచి మడిలో నిలబడ్డాను. నీళ్లు నా పాదాలు తడుపుకుంటూ ముందుకెళ్లి, ఒక నెర్రె నిండాక ఇంకో నెర్రెలోకి దిగుతున్నాయి.