మా అత్త చంపిన భూతం

మా అత్త జోహరాబీకి ఆస్తి అంటూ ఒకటే ఉండేది. అది ఒక భూతం. కృష్ణానది పుట్టకముందే పుట్టింది, నల్లరేగడి కింద పడుకుని ఉంటుంది, ఎండాకాలంలో ఒకసారి ఒత్తిగిల్లుతుంది. అందుకే మన చేలు బీటలు వారతాయి. ఆ బీటలే దాని నోళ్ళు. ఈ సంగతి వ్యవసాయశాఖ వాళ్ళకు తెలియకపోవచ్చు గానీ, మా మిరపకాయల షెడ్డులో కూర్చునే ఆడవాళ్ళందరికీ తెలుసు.

మాది తొడిమలు తీసే పని. నల్లపాడు నుంచి పొద్దున్నే ఆటోలో ఒకరి ఒళ్ళో ఒకరం కూర్చుని గుంటూరు వెళ్ళేవాళ్ళం. రేకుల షెడ్డులో కాయలు కుప్ప పోసి ఉండేవి. ముక్కుకు గుడ్డ కట్టుకుని, చేతులకు నూనె రాసుకుని కుప్ప చుట్టూ కూర్చుంటే మళ్ళీ పొద్దుగూకాకే లేవడం. నూనె రాసుకున్నా మంట మంటే. ఆ మంట మరిచిపోవాలంటే కథ కావాలి, కథ చెప్పాలంటే మా అత్తే చెప్పాలి. ఆమె కొడుకు కలీంను చేసుకుని నేను ఈ ఇంటికి వచ్చేనాటికే ఆమె కథకు ఆ షెడ్డులో అంత పేరు. బుల్లయ్య మేస్త్రి కూడా ఎవరైనా పని మానేస్తామంటే, "జోహరాబీ కథ సగంలో ఉందమ్మా, నీ ఇష్టం" అనేవాడు.

భూతానికి ఎదురు నిలబడేవాడు మసిగడ్డం మాంత్రికుడు. కొండవీటి కొండమీద గుహలో ఉంటాడు. మంత్రాలు కాల్చి కాల్చి గడ్డం మసిబారింది. చేతిలో తుమ్మకర్ర. మాఘమాసం దాటి కొత్త కాయ దిగగానే భూతం ఊళ్ళు మింగడానికి నిద్ర లేచేది. మాంత్రికుడు నిప్పులవాన కురిపిస్తే అది నోరు తెరిచి తాగేసేది. గాలిదుమారం లేపితే దూదిపింజలా ఊదేసేది. తుమ్మకర్రను కొండచిలువను చేసి వదిలితే దాన్ని మొలతాడుగా కట్టుకునేది. అట్లా సీజనంతా యుద్ధం సాగి, ఆఖరి కుప్ప అయ్యేనాటికి మాంత్రికుడు ఎట్లాగో దాని కళ్ళమీద నిద్రమంత్రం చల్లి మళ్ళీ మట్టికిందకు పంపేవాడు. చంపేవాడు మాత్రం కాదు. "అది చస్తే వచ్చే ఏడు ఏం చెప్పుకుని బతకాలే?" అనేది మా అత్త.

ఆమె కథకు ఇంకో కట్టుబాటు ఉండేది. ఎదురుగా ఒకరు ఊ కొట్టాలి. "మనిషి ఊ కొట్టకపోతే భూతం ఊ కొడుతుంది" అని ఆమె మాట. ఊ కొట్టే పని మౌలాబీది. మా అత్తా ఆమే ఒక ఊళ్ళో పుట్టి, ఒకే ఏడు పెళ్ళయి నల్లపాడు వచ్చినవాళ్ళు. చిన్నప్పుడు పత్తి చేలో మొదలైన ఊకొట్టుడు అది. మౌలాబీ ఊ అంటే ఏదో గొంతులోంచి వచ్చేది కాదు. భయం వచ్చినచోట సన్నగా, గెలుపు వచ్చినచోట బారుగా, అబద్ధం మరీ ఎక్కువైనచోట "ఊఁ...హూ" అని. ఆ ఊ ఎటు పోతే మా అత్త కథ అటు పోయేది. మా మామ బతికున్నప్పుడు కూడా ఆయన మాట అంత విని ఉండదు.

ఇట్లా ఉండగా, పర్చూరు వైపు పొగాకు గ్రేడింగు పనులు తగ్గిపోయి, రెండువేల రెండులో వెంకాయమ్మ అనే ఆవిడ మా షెడ్డుకు వచ్చింది. సన్నగా, నల్లగా, తలెత్తి మాట్లాడని మనిషి. మా అత్త ఆమెను చూసి, "పాపం, నోట్లో నాలిక లేనిది" అని తన పక్కనే చోటిచ్చింది. ఆ మాట తలుచుకుంటే ఇప్పటికీ నాకు నవ్వొస్తుంది.

ఆ వేసవిలో అమరావతిలో మా ఆడబిడ్డ నజ్మీన్ పురుడు. మా అత్త వెళ్ళి కొన్నాళ్ళు అక్కడే ఉండిపోయింది. మొదటిరోజు షెడ్డులో కథ లేదు. అందరం దగ్గుతూ తుమ్ముతూ పనిచేశాం. రెండోరోజు మౌలాబీ ఉండలేక, "ఎవరన్నా ఏదో ఒకటి చెప్పండే, చేతులు మండిపోతన్నయ్" అంది. అప్పుడు వెంకాయమ్మ తొడిమ తుంచుతూ, "ఆ భూతం ఎందుకు లేస్తదో నే చెప్పనా?" అంది.

చెప్పింది. భూతానికి ఒక బిడ్డ ఉందట. మసిగడ్డం తాత ముత్తాతలు ఎప్పుడో ఆ బిడ్డను మంత్రించి రాయిని చేశారట. ఆ రాయే కొండవీటి కొండ. మాంత్రికుడు గుహ చేసుకుని కాపురముంటున్నది ఆ బిడ్డ గుండెలమీదే. భూతం ఎండాకాలంలో లేచేది ఊళ్ళు మింగడానికి కాదు. భూమి ఆరి బీటలు పడ్డప్పుడే దానికి పైకి చూపు ఆనుతుంది, బిడ్డ కనపడుతుందేమోనని లేస్తుంది. మాంత్రికుడు నిప్పులవాన కురిపిస్తుంటే అది ఆ నిప్పులనే దీపం చేసుకుని వెతుక్కుంటుంది.

మౌలాబీ ఊ కొట్టడం మానేసి పైటతో కళ్ళు తుడుచుకుంది. పైటకూ కారం అంటిందేమో, కళ్ళు మండి ఇంకా ఏడిచింది. అందరం ఏడుస్తూ నవ్వాం.

మా అత్త అమరావతి నుంచి వచ్చి ఆటో దిగకముందే మౌలాబీ ఈ కబురు మోసుకొచ్చింది. "ఏమే జోహరా, వెంకాయమ్మ చెప్తే భూతం ఏడిచిందే!"

"భూతం ఏడవటమేందే? నీకు గానీ మతి పోయిందా?" అంది మా అత్త.

"నిజమే. బిడ్డ కోసం ఏడిచింది. నాకు అన్నం సయించలా."

మా అత్త ఆ సాయంత్రం బియ్యం కడుగుతూ కడుగుతూ ఆగిపోయింది. నీళ్ళు బియ్యంతో సహా గిన్నె అంచుమీంచి పోతున్నాయి. "షమా, కొండమీద వాడిని కూర్చోబెట్టింది నేనే గదే? ఆ కొండే బిడ్డ అన్న ముక్క నాకెందుకు తట్టలా?" అంది. నేను ఏదో ఓదార్పుగా, "పొరుగింటి పుల్లకూర రుచిలే అత్తా" అన్నాను. "ఆ కూర నా దొడ్లోదేనే" అని కసిరింది.

అక్కడినుంచి చూడాలి. పొద్దున పూట మా అత్త చెప్పేది, భోజనాలయ్యాక వెంకాయమ్మ చెప్పేది. అందరూ కలిసి చేసిన ఏర్పాటది. వెంకాయమ్మ చెబుతున్నప్పుడు మా అత్త రంగు పోయి తెల్లబారిన తాలుకాయలు ఏరే మిషమీద వెనక్కి తిరిగి కూర్చునేది. కానీ చెవులు వెనక్కి తిరగవు కదా. మౌలాబీ ఊ కొట్టినప్పుడల్లా ఆమె వీపు ఉలిక్కిపడేది. ఇంటికొచ్చాక లెక్కలు తీసేది. "నాకు ఉత్త ఊ కొట్టింది చూశావా? దానికి 'ఊఁ, ఆ తర్వాతమ్మా?' అంటంది. అమ్మా అంట, అమ్మ!" కడుపుమంటకు మందు లేదు. ఆ రోజుల్లో ఆమె సరిగ్గా అన్నం తినలేదు, నన్నూ తిననివ్వలేదు.

ఒకరోజు వెంకాయమ్మే, "అక్కా, రేపటి నుంచి నువ్వే చెప్పు. నేను నీ కథలోనే గదా తలదూర్చా" అంది. మర్యాదగానే అంది. కానీ మా అత్తకు అది పుండుమీద కారం చల్లినట్టయింది. "నువ్వు మానుకుంటే నాకు దక్కే కథా ఇది?" అని అరిచింది.

మర్నాడు పొద్దున ఆమె కథ ఎత్తుకున్న తీరే వేరు. మాంత్రికుడు తుమ్మకర్రను ఏడు ముక్కలు చేసి ఏడు బీటల్లో నాటాడు. గడ్డం కోసి వత్తి పేనాడు. తన ఆయుష్షునే నూనెగా పోశాడు. భూమికింద మంట అంటుకుంది. భూతం లేచి రెండు చేతులూ ఆకాశానికి చాచింది. పిడికిలి విసిరితే మబ్బు పగిలింది, కాలితో తన్నితే కృష్ణ వెనక్కి పారింది. అంత గొప్ప యుద్ధం ఆమె ఎన్నడూ చెప్పలేదు. మా చేతులు వాటంతట అవే తొడిమలు తుంచుతున్నాయి. మేస్త్రి కూడా స్తంభానికి ఆనుకుని నిలబడిపోయాడు. మంట భూతం నడుం దాటింది, గుండె దాటింది. భూతం కొండవైపు ఒక్క చూపు చూసి బూడిదై కూలిపోయింది. మా అత్త ఊపిరి పీల్చుకుని, మౌలాబీ ముఖంలోకి చూసింది, ఊ కోసం.

మౌలాబీ ఊ కొట్టలేదు.

"చంపేశావా?" అంది చివరికి.

"చంపా. నా భూతం, నా ఇష్టం."

"అది బిడ్డను చూసుకోకుండానే?"

"ఆ బిడ్డ నా కథలో లేదు."

"అయితే నీ కథ నువ్వే వినుకో జోహరా" అని మౌలాబీ లేచి, కుప్పకు అటువైపు వెళ్ళి కూర్చుంది. ఇక చూడండి, షెడ్డంతా దగ్గులు. అప్పటిదాకా లేని ఘాటు ఒక్కసారిగా ముక్కుల్లోకి ఎక్కింది. వెంకాయమ్మ తల వంచుకుని తొడిమలు తీస్తూనే ఉంది. నాకు మా అత్త మీద జాలి కలగలేదు, ఒళ్ళు మండింది. చిన్నప్పటి నుంచి వెంట ఉన్న మనిషిని ఒక్క పూట గెలుపుకోసం ఎవరైనా పోగొట్టుకుంటారా? ఆ మాట అంటే, "కందకు లేని దురద కత్తిపీటకెందుకే" అంది.

కందకు దురద బాగానే ఉందని ఇంట్లో నాకు తెలుస్తూనే ఉండేది. ఆ సీజను అట్లాగే కథ లేకుండా ముగిసింది. వానలు పడేనాటికి మౌలాబీకి ఆయాసం ముదిరింది. ఇన్నేళ్ళ ఘాటూ దుమ్మూ ఊపిరితిత్తుల్లో చేరిపోయిందని, ఇక షెడ్డు మొహం చూడొద్దని డాక్టరు చెప్పాడు. ఆమె ఇల్లు మాకు రెండు వీధుల అవతల. నేను వెళ్ళొస్తుండేదాన్ని. మా అత్త మాత్రం, "కబురు చేస్తే వెళ్తా" అని భీష్మించుకుని కూర్చుంది.

కబురు రాలేదు గానీ, ఇంకో వార్త వచ్చింది. వెంకాయమ్మ రోజూ పని దిగాక మౌలాబీ దగ్గరకు వెళ్ళి కథ చెబుతోందట. నేనే చెప్పాను, కావాలనే చెప్పాను.

"ఏ కథ?" అంది మా అత్త.

"భూతం కథే."

"చచ్చింది గదే!"

"ఏమో, నేను సగంలో వచ్చేశా."

ఆ రాత్రి ఆమెకు నిద్ర ఉందో లేదో గానీ, మర్నాడు సాయంత్రం జావ కాచి గిన్నెకు మూత పెట్టి, "పద" అంది. దారిపొడుగునా, ఆ పర్చూరు మనిషిని వాకిట్లోకి ఎలా గెంటాలో నాకు చెబుతూనే ఉంది.

మౌలాబీ ఇంటి తలుపు తీసే ఉంది. మంచంమీద దిండ్లకు ఆనించి కూర్చోబెట్టారామెను. సగమైపోయింది. వెంకాయమ్మ మంచం పక్కన నేలమీద కూర్చుని, మా వైపు వీపు పెట్టి చెబుతోంది. మా అత్త గడపలోనే ఆగి, నా చెయ్యి పట్టుకుని ఆపింది.

"...తొలకరి పడ్డది. ఆ బూడిదంతా నీళ్ళలో కలిసి బీటల్లోకి దిగింది. భూమికింద దారి దానికి తెలిసిందేగా. ఇంకుతా ఇంకుతా కొండ అడుక్కి చేరింది. తల్లి బూడిద తగిలేసరికి, వేల ఏళ్ళుగా రాయిగా ఉన్న కొండ..."

వెంకాయమ్మ ఆగింది. ఊ కోసం. మౌలాబీ నోరు తెరిచింది. ఊ రాలేదు, దగ్గు వచ్చింది. దగ్గు ఆగినా ఊపిరి చాల్లేదు. పెదాలు ఊ అన్నట్టే ముడుచుకున్నాయి గానీ చప్పుడు లేదు.

"చాల్లే వదినా, రేపు చెప్పుకుందాం" అంది వెంకాయమ్మ.

మౌలాబీ అడ్డంగా తల ఊపి, ఆమె కొంగు పట్టుకుంది.

"ఎట్టా చెప్పను చెప్పు? జోహరక్క ఏమందో నీకు తెలవదా? మనిషి ఊ కొట్టకపోతే భూతం ఊ కొడుద్ది. ఆమె కట్టుబాటు నేను తప్పను."

నేను మా అత్త ముఖం చూశాను. అందులో ఓర్వలేనితనం ఏమీ తగ్గలేదు. తాను చంపినదాన్ని ఇంకొకరు బతికిస్తున్నారు, తన మౌలాబీ దానికోసం ఊపిరి లేకుండా ఎదురుచూస్తోంది. అది ఆమె మింగనూ లేకపోయింది, కక్కనూ లేకపోయింది. పుట్టి బుద్ధెరిగాక ఆమె ఎవరి కథకూ ఊ కొట్టిన మనిషి కాదు.

"ఊఁ" అంది మా అత్త.

వెంకాయమ్మ ఉలిక్కిపడి వెనక్కి తిరిగింది. మౌలాబీ కళ్ళెత్తి గడపవైపు చూసింది.

మా అత్త లోపలికి వెళ్ళి, జావ గిన్నె కిందపెట్టి, మంచంమీద మౌలాబీ కాళ్ళ దగ్గర కూర్చుంది. వెంకాయమ్మ ముఖం చూడకుండానే, "ఊఁ అన్నాగా. కొండ ఏమైంది? చెప్పు" అంది.

"కదిలింది అక్కా" అంది వెంకాయమ్మ.

"ఊఁ."

ఆ సాయంత్రమంతా మా అత్తే ఊ కొట్టింది. ఊ కొట్టడం ఆమెకు బొత్తిగా చేతకాదు. అక్కర్లేనిచోట కొడుతుంది, కావలసినచోట మరిచిపోయి నోరు తెరుచుకుని వింటుంది. అప్పుడల్లా మౌలాబీ దుప్పటిలోంచి కాలితో ఆమెను తట్టేది.

తిరిగి వస్తూ వీధి మలుపు దాటగానే అందుకుంది. "దానికి చెప్పటం రాదే షమా. కొండ కదిలేటప్పుడు ముందు పిట్టలు లేవాలి. ఆ ముక్కే లేదు. నేనైతేనా, చెట్లమీద పిట్టలన్నీ ఒక్కసారి లేపి, అప్పుడు కదిలించేదాన్ని."

"అయితే రేపు నువ్వే చెప్పు అత్తా."

ఆమె పళ్ళు కొరుక్కుంటూ కొంతదూరం నడిచింది.

"నేను చెప్తే మౌలాబీ బదులు ఊ ఎవరు కొడతారే?" అంది. మళ్ళీ తనే, "రేపు ఎన్నింటికి వస్తదంట ఆ పర్చూరుది?" అని అడిగింది.